నాయని కృష్ణకుమారి: కవయిత్రి, అధ్యాపకురాలు, గేయగాథల పరిశోధకురాలు

నాయని కృష్ణకుమారి (1930–2016) పేరు మన సాహిత్య చరిత్రలలో రెండు వేర్వేరు ప్రకరణాలలో కనిపిస్తుంది. వచన కవిత్వం దగ్గర ‘అగ్నిపుత్రి’ (1978) కవయిత్రిగా, జానపద విజ్ఞానం దగ్గర ‘తెలుగు జానపద గేయగాథలు’ గ్రంథకర్త్రిగా. ఈ విభజన పాఠ్యప్రణాళికలకు అనుకూలమే కాని, ఆమె కృషిని అర్థం చేసుకోవడానికి అడ్డుపడుతుందని నా అభిప్రాయం.

ఆమె గుంటూరులో జన్మించారు. తండ్రి భావకవి నాయని సుబ్బారావు. అంటే అచ్చయిన కవిత్వం ఆమెకు ఇంటి సొత్తు. తొలి యౌవనంలోనే ‘ఆంధ్రుల కథ’ రాశారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో ఎం.ఏ. చేసి, పూర్వపు బ్రిటిష్ రెసిడెన్సీ భవనంలో నడిచే కోఠీ మహిళా కళాశాలలో తెలుగు బోధించారు. తర్వాతి కాలంలో తెలుగు విశ్వవిద్యాలయ ఉపాధ్యక్ష పదవినీ నిర్వహించారు. ఇటువంటి నేపథ్యం గల వ్యక్తి ప్రబంధాలను వదిలి, పేరు తెలియని స్త్రీలు పాడుకున్న పాటలను పరిశోధనకు ఎన్నుకోవడం గమనార్హం. ‘ఊర్మిళాదేవి నిద్ర’నే చూడండి. వాల్మీకి ఊర్మిళను దాదాపు విస్మరించాడు. స్త్రీల పాట ఆమెకు పద్నాలుగేళ్ళ నిద్రనూ, మేల్కొన్నాక మాట్లాడే గొంతునూ ఇచ్చింది. ‘అగ్నిపుత్రి’ని ఈ పాటల వెలుగులో చదివితే, ఆ స్త్రీ స్వరం పాశ్చాత్య ప్రభావం వల్లనే వచ్చిందని తేల్చివేయడం కష్టం.

ఆమె సమకాలికురాలైన ఇరాకీ కవయిత్రి నాజిక్ అల్ మలాయికా (1923–2007) ఇక్కడ గుర్తుకు వస్తారు. ఆమె తల్లి కూడా కవయిత్రే. ఈజిప్టు కలరాపై 1947లో రాసిన కవితతో అరబ్బీ ఛందోబంధాలను సడలించిన నాజిక్, బాగ్దాదు, బస్రా, కువైటు విశ్వవిద్యాలయాలలో బోధించారు. 1962 నాటి విమర్శ గ్రంథంలో మాత్రం స్వేచ్ఛా కవిత్వానికీ ప్రాచీన గణమే పునాది కావాలని పట్టుబట్టారు. కొత్త కవులకు అది రుచించలేదు. ఇద్దరు అధ్యాపకురాళ్ళూ కొత్త కవిత్వానికి పాత ఆధారం వెతికారు. నాజిక్ దానిని లక్షణశాస్త్రంలో చూశారు, కృష్ణకుమారి వంటింటి పాటలో విన్నారు.

కల్లూరు ప్రాంతంలో, భద్రాచలం అడవి అంచు ఊళ్ళ నుండి వచ్చే పిల్లలకు పాఠం చెబుతూ ఊర్మిళ పాటను ప్రస్తావించాను. “మా అమ్మమ్మ పాడుతది మేడమ్, అది పరీక్షకు వస్తదా?” అని ఒక విద్యార్థిని అడిగింది. రాదనే చెప్పవలసి వచ్చింది. పాటను మాత్రం రాసుకు రమ్మన్నాను.