మంగోలుల పాలన – తెలుగునాటి వజ్రములు

అహోబిలము కొండలలో పెద్దవాన వెలిసిన పిదప భవనాశి వాగు రాళ్ళను దొర్లించుకొనుచు క్రిందికి దుముకును. అచ్చటికి పడమరగా, కర్నూలు జిల్లాలోని తుగ్గలి, జొన్నగిరి పొలములలో తొలకరి కురిసిన మరునాడు మరియొక దృశ్యము కనబడును. పిన్నలు, పెద్దలు తలలు వంచి, వాన కడిగిన నేలను పరికించుచు నడచుచుందురు. వారు వెదకునది వజ్రము.

ఇట్టి వెదకులాటనే ఏడువందల ఏండ్లక్రిందట మార్కోపోలో అను వెనీసు యాత్రికుడు వర్ణించెను. వానలకు కొండవాగులు పొంగి, తీసినపిదప వాగుల అడుగున జనులు వజ్రములు ఏరుకొందురని అతడు చెప్పెను. వానిలో మేలైనవి మహాఖానునకును, ఇతర రాజులకును పోవునని కూడ చెప్పెను. ఈ మహాఖానుడే మంగోలు చక్రవర్తి కుబ్లయిఖాను. గుడారములలో బ్రతికిన ఒక జాతి నాయకునకు తెలుగునాటి రాళ్ళు చేరుటకు దారి ఎట్లు ఏర్పడినది?

గడ్డి, గుఱ్ఱము, గుడారము

మంగోలుల జీవితము రాయలసీమ విద్యార్థులకు సులభముగా బోధపడును. వానలు తప్పిన ఏట మన గొల్లలు, కురుబలు మందలను తోలుకొని పచ్చిక ఉన్న చోటికి పోవుట మనము చూచుచున్నాము. మంగోలులకు అది కరవునాటి పని కాదు. ఏటేట జరుగు వలస. గొఱ్ఱె, మేక, ఆవు, ఒంటె, గుఱ్ఱము – ఈ అయిదే వారి ఆస్తి. మన కంబళి నేసినది. వారి గుడారపు కప్పు నేసినది కాదు. ఉన్నిని పరచి, తడిపి, చుట్టగా చుట్టి దొర్లించి అణచినచో దట్టమైన దుప్పటివలె తయారగును. దానిని కఱ్ఱల చట్రముపై కప్పుదురు. పులిసిన గుఱ్ఱపు పాలు వారికి ప్రియమైన పానీయము.

పచ్చికకొఱకు, పశువులకొఱకు తెగలు ఎల్లప్పుడు పోరాడుకొనుచుండెడివి. 1162 ప్రాంతమున పుట్టిన తెముజిను బాల్యముననే తండ్రిని పోగొట్టుకొనెను. తెగవారు ఆ కుటుంబమును విడిచిపోయిరి. అట్టి బాలుడు పెరిగి, తెగలనన్నిటిని లోబఱచుకొని, 1206లో ఓనను నదికడ జరిగిన మహాసభలో చెంగిజ్ ఖాను అను బిరుదము పొందెను.

అతడు చేసిన గొప్ప మార్పు సైన్యములో కలదు. పదిమంది ఒక జట్టు. పది జట్లు నూఱు. పది నూర్లు వేయి. పది వేలు ఒక పెద్దదళము. ఓడిన తెగలవారిని చీల్చి వేర్వేరు దళములలో కలిపెను. తన దళమును విడిచి వేఱొకదానికి పోవుట నేరము. ఇట్లు పాత తెగల కట్టు సడలి, ఖానునియెడ విశ్వాసమే క్రొత్త బంధమయ్యెను.

దీనికి ప్రకృతియు తోడ్పడినట్లున్నది. చెట్టును అడ్డముగా కోసినచో వలయములు కనబడును గదా! తడి ఏట వెడల్పు వలయము, ఎండు ఏట సన్నని వలయము ఏర్పడును. మంగోలియాలోని ప్రాచీన వృక్షముల వలయములను పరిశీలించిన శాస్త్రజ్ఞులు 1211 మొదలు 1225 వఱకు ఆ దేశమున ఎడతెగక మంచి వానలు కురిసినవని 2014లో ప్రకటించిరి. వాన మిక్కుటమైన గడ్డి మిక్కుటము. గడ్డి మిక్కుటమైన గుఱ్ఱములు మిక్కుటము. అయినను వాన ఒక్కటియే సామ్రాజ్యమును కట్టజాలదు. ఆ గుఱ్ఱములను ఒక కట్టుబాటులోనికి తెచ్చిన పాలనయు కావలెను.

కత్తి, తపాలా

మంగోలులకు మొదట లిపి లేదు. 1204లో చేజిక్కిన ఒక ఉయిగురు లేఖకునిచే తమ భాషకు లిపి సమకూర్చుకొనిరి. దారిపొడవున మజిలీలు కట్టి, గుఱ్ఱములను సిద్ధముగా ఉంచిరి. ఖాను ముద్రగల బిళ్ళ చూపినవానికి గుఱ్ఱము, తిండి, బస లభించెడివి. వివిధ మతముల గురువులకు పన్ను మినహాయింపు ఇచ్చిరి. ఓగొదాయి ఖాను 1241లో మరణింపగా అతని భార్య తోరెగెనె 1246 వఱకు రాజ్యము నడపెను.

ఇంతమాత్రమున వారిని పొగడి ఊరకొనరాదు. 1221లో మెర్వు, నిషాపూరు నగరములు నాశనమైనవి. 1258లో బాగ్దాదు కూలినది, ఖలీఫా హతుడయ్యెను. లెక్కకుమించిన జనులు మడిసిరి. చేతిపనివారు బందీలై దూరదేశములకు తరలింపబడిరి. వర్తకునకు నిర్భయమైన అదే బాట, అంతకుముందు ఊళ్ళను కాల్చిన సేన నడచిన బాట. ఈ రెండింటిని ఒకే పాఠమున చెప్పనిచో విద్యార్థికి చరిత్ర సగమే అందును.

మోటుపల్లి సాక్ష్యము

వర్తకుని భయము పోగొట్టిన పాలకులు మన దేశమునను ఉండిరి. నేటి బాపట్ల జిల్లాలోని మోటుపల్లి రేవున కాకతి గణపతిదేవుడు 1244లో అభయశాసనము వేయించెను. పూర్వపు రాజులు తుపానుకు ఒడ్డున పడిన ఓడల సరకునంతయు లాగుకొనెడివారు. తాము సుంకము మాత్రమే తీసికొందుమని గణపతిదేవుడు మాట ఇచ్చెను. ఆ సుంకము ముప్పదింట ఒకవంతు.

కుబ్లయిఖాను తన బంధువైన పారశీకపు ఏలిక అర్ఘూనునకు కొకాచిను అను రాకుమారిని వధువుగా సముద్రమార్గమున పంపెను. ఆ ఓడలలో మార్కోపోలో ఉండెను. వారు చేరునప్పటికే అర్ఘూను మరణించెను. ఆమెను అతని కుమారుడు గజాను పెండ్లాడెను. ఈ ప్రయాణకాలము సుమారు 1292. మార్కోపోలో గ్రంథమునందలి ‘ముత్‌ఫిలి’ మన మోటుపల్లియే. భర్త మరణించిన పిదప నలువది ఏండ్లుగా న్యాయముతో ఏలుచున్న రాణి రాజ్యమది అని అతడు వ్రాసెను.

ఈ మాటను పరీక్షింతము. ఆ రాణి రుద్రమదేవి అనుటలో సందేహము లేదు. కాని ఆమె గణపతిదేవుని భార్య కాదు, కుమార్తె. ఏలినది నలువది ఏండ్లు కాదు, మూడు పదులకు లోపే. నల్లగొండ ప్రాంతపు చందుపట్ల శాసనమునుబట్టి 1289 నాటికే ఆమె మరణించెను. అనగా మార్కోపోలో మన తీరము దాటునాటికి ఏలిక ఆమె మనుమడు ప్రతాపరుద్రుడు. అహోబిల స్థలపురాణము భక్తితో చెప్పుకొను ప్రతాపరుద్రుడు ఇతడే. పాములుగల లోయలోనికి మాంసఖండములు విసరి, గ్రద్దలు తెచ్చిన వానినుండి వజ్రములు తీయుదురని మార్కోపోలో చెప్పిన కథయు అతని సొంతము కాదు. అరబ్బులు మొదలగువారు అంతకు చాలముందే చెప్పుకొన్న పాతకథ.

అట్లని అతని సాక్ష్యము త్రోసివేయదగినదా? కాదు. వాన పిదప వజ్రములు దొరకునన్నది నేటికిని మన కన్నుల ఎదుటి సత్యము. రేవులో వ్యాపారము సాగుచుండెనన్నదానికి శాసనము తోడు. చూచినది, విన్నది ఒకే గ్రంథమున కలిసియున్నవి. వానిని వేఱుచేయుటయే చరిత్రకారుని పని. బంకమన్నులో మెఱయు ప్రతి రాయి వజ్రము కాదని తుగ్గలి రైతునకు తెలియును. మంగోలులనుగూర్చి చదువునప్పుడు విద్యార్థియు అట్టి చూపే అలవఱచుకొనవలెను: ఈ మాట ఎవరు చెప్పిరి, ఎప్పుడు చెప్పిరి, చూచి చెప్పిరా, విని చెప్పిరా?