బోరంచ గట్లమీది తంగేడు

బాలాఘాటు గుట్టలలో పుట్టిన మంజీర మహారాష్ట్ర కర్ణాటకముల గుండ ప్రవహించి, తెలుగునేల ప్రవేశించి, సింగూరు జలాశయమును చేరుటకు ముందే మా బోరంచ యొడ్డును ఒరసికొని పోవును. ఆ యొడ్డున వెలసిన నల్లపోచమ్మ తల్లి దర్శనమునకై ఇరుగుపొరుగు రాష్ట్రములనుండియు భక్తులు వత్తురు గాని, దారిపొడవున నిలిచిన పసుపుపచ్చని పొదల నెవరును పనిగట్టుకొని చూడరు. ఊరి చరిత్ర వ్రాయబూనినవారు శాసనములకై, బురుజులకై వెదకుట పరిపాటి. నేను తంగేడుతో ఆరంభించుచున్నాను. ఏలయన మా పెద్దలు తొడిగిన చెప్పునందును, తోడిన నీటియందును, ఆడిన పండుగయందును దాని పాలు కలదు.

కంది, సెనగ, చిక్కుడుల వంశమునకు చెందిన గుల్మమిది. నల్లరేగడి చేల గట్లమీదను, మొరము తేలిన దిబ్బలమీదను, నీరు పోయువారు లేకున్నను నిండుగా పూచును. పశువులు సాధారణముగా ముట్టవు గనుక మేతబీళ్లలో కూడ బ్రతికిపోయినది. ఆకుకాడ మొదట చెవుల వంటి పత్రపుచ్ఛము లుండుటచే వృక్షశాస్త్రజ్ఞుడు లిన్నేయసు 1753లో దీనికి పెట్టిన పేరునందును చెవుల ప్రసక్తి వచ్చినది. పువ్వును చేతికి తీసికొని చూచినచో ముడుతలుపడిన అంచులుగల ఐదు రేకులును, వాని నడుమ పది కేసరములును కానవచ్చును. వానిలో పైమూడును గొడ్డువి. ఇందు తేనె లేదు. పుప్పొడియు కేసరపు కొనయందలి సన్నని రంధ్రమునుండి తప్ప వెలికి రాదు. నల్లతుమ్మెద వచ్చి పువ్వును గట్టిగా పట్టుకొని ఝుమ్మని ఒడలు కంపింపజేసినప్పుడు మాత్రమే అది చిమ్మును. పప్పుజాతి మొక్కలలో పెక్కింటికి వేళ్లపై నుండి నేలకు సారమిచ్చు బుడిపెలు దీనికి లేవు. అయినను దీని రొట్టను పొలమునకు ఎరువుగా తొక్కుట మన రైతుల కనాదిగా తెలిసిన పని.

అయితే తంగేడు విలువ యంతయు చెక్కయందే యుండెడిది. కొమ్మలను మొదలంట నరికి, పచ్చిగా నుండగనే చెక్క నొలిచి, ఎండబెట్టి దంచెడివారు. పచ్చితోలును సున్నపునీట నానవేసి, వెండ్రుకలు రాల్చి, లోపలి మాంసపుపొరను కత్తితో గీకి, పలుమారులు కడిగి సున్నము పోగొట్టిన పిమ్మట లంద యను తొట్టిలోని చెక్కనీటిలో దింపెడివారు. మొదట పలుచని నీరు, పోనుపోను చిక్కనిది. తొందరపడి ఆరంభమునందే చిక్కనినీట ముంచినచో పైపొర బిగిసికొనిపోయి లోపలి తోలు పచ్చిగనే మిగులును. కొన్నిచోట్ల తోలును సంచివలె కుట్టి, వ్రేలాడదీసి, చెక్కనీరు నింపి, అది బొట్టుబొట్టుగా ఊరిపోవునట్లు చేయుటయు ఉండెడిది. చెక్కలోని టానిను తోలులోని మాంసకృత్తుతో పెనవేసికొనుటచేత అది కుళ్లదు, నీటికి చెడదు. తంగేడుతో ఊనిన తోలు లేతపసుపు వన్నెతో మెత్తగా నుండును; ఎండకు ఎఱ్ఱబారకుండుటకు కరక్కాయనీట ముంచి తీయుటయు వాడుకగా నుండెను. కిఱ్ఱుచెప్పులు, ఎద్దుల మెడపట్టెలు, అన్నిటికంటె ముఖ్యముగా బావినీరు తోడు మోటతొండము, ఈ లందలనుండియే వెడలినవి. బావినుండి చేనికి నీరు పారినదన్నచో దాని వెనుక మాదిగవారి చేతిపని కలదన్నమాట. ఊరు ఆ పనిని కోరినది గాని చేసినవారిని వెలివాడనే ఉంచినది. మా పల్లెల చరిత్రలో ఈ మాటను దాటవేసిన వ్రాత నాకు రుచింపదు.

నిజాము పాలనలో మా ఊరు చేరిన నారాయణఖేడు తాలూకా బీదరు జిల్లాలోనిది. 1956 నవంబరు 1న రాష్ట్రముల పునర్విభజన జరిగినప్పుడు అది ఆంధ్రప్రదేశమున చేరి మెదకు జిల్లా పాలయ్యెను. 2016 అక్టోబరులో సంగారెడ్డి జిల్లాకు మారెను. దస్తావేజుల తలకట్టులు మారినవి గాని తెలుగు, కన్నడ, మరాఠీ, ఉర్దూ కలగలిసిన మా సంతమాట మారలేదు. తంగేడునకు మరాఠీవారి తరవడు అను పేరు మా చెవులకు క్రొత్తకాదు.

చెక్క బేరమును చెరచినది సరిహద్దులు కావు. దక్షిణాఫ్రికానుండి ఓడలపై వచ్చిన వాటిలు అను చెట్టు చెక్కలో టానిను పాలు ఎక్కువ. గత శతాబ్ది ఆరంభముననే మద్రాసు తోళ్ల పరిశ్రమ క్రమముగా దానివైపు మొగ్గెను. తోలు ఊనెడు క్రోము పద్ధతియు వచ్చెను. పల్లెటూళ్లలో మోట పోయి మోటారు వచ్చుటతో తొండమునకు గిరాకి పోయెను; రబ్బరు చెప్పు మిగిలినదానిని ముగించెను.

మిగిలినది పండుగ. పెత్రమాసనాటి ఎంగిలిపూలు మొదలు సద్దులవరకు ఆడపడుచులు గునుగును తంగేడును వరుసలుగా పేర్చి బతుకమ్మ నిలుపుదురు. తంగేడు పూవునకు 2014 నవంబరులో తెలంగాణ ప్రభుత్వము రాష్ట్రపుష్ప గౌరవ మిచ్చెను. అదేనాడు రాష్ట్రవృక్షమైన జమ్మియు ఈ కుటుంబమునదే. గౌరవము సముచితమే. కాని పూచుటకు గట్టు కావలెను గదా! పాలు పంచుకొన్నకొలది గట్లు సన్నగిల్లినవి, బంచరాయి దున్నుబడి సాగులోనికి పోయినది, బాట వెడల్పు చేయునప్పుడు యంత్రము మొదట తీయునది దీనినే. ఇప్పుడు మా వాడ పిల్లలు పూలకై ఏటివైపు దూరముగా పోవలసివచ్చుచున్నది. చెక్కకై తంగేడును ఏటేట నరికినవారు వేరును ముట్టలేదు. మొదట మిగిలిన మోడు వాన పడగానే చిగిర్చి, మరల కోతకు వచ్చెడిది. ట్రాక్టరు నాగలి వేరునే పెకలించుచున్నది.