జంబియా పిడి: ఒక చరిత్ర

ఆయుధాల చరిత్ర వ్రాసినవారు ఎక్కువగా అలుగును గూర్చియే వ్రాశారు. ఉక్కు ఎక్కడిది, దానికి కాక ఎట్లు పెట్టారు, పదును ఎంతకాలం నిలిచింది అన్నవే వారి ప్రశ్నలు. నేటి నిజామాబాద్ జిల్లాలోని కోనసముద్రం ఉక్కు కోసం ఇరాన్ వర్తకులు అంత దూరం నుండి వచ్చేవారన్న సంగతి కూడ అట్లే వెలుగులోకి వచ్చింది. కాని మనిషి చేయి తాకేది అలుగును కాదు, పిడిని. అలుగు అరిగిపోతుంది, విరుగుతుంది, మారుతుంది. మంచి పిడి మాత్రం ఒక అలుగు నుండి మరొక అలుగుకు, తండ్రి నుండి కుమారునికి సాగిపోతుంది. ఈ కారణం చేతనే ధనవంతుల ఆడంబరమంతా పిడి మీదికే చేరింది.

ఇస్లాం తొలినాళ్లలోనే ఈ విషయమై చర్చ గలదు. దైవప్రవక్త (స) వారి ఖడ్గపు పిడి కొన వెండిదని హజ్రత్ అనస్ (రజి) ఉల్లేఖనం తెలుపుతుంది. పురుషులు ఖడ్గానికి వెండి అలంకారం చేసుకోవచ్చునని ధర్మవేత్తలు పలువురు దీని ఆధారంగానే అన్నారు. బంగారం విషయంలో మాత్రం అత్యధికులు అంగీకరించలేదు. మరొక ప్రక్క, సహీహ్ బుఖారీలో హజ్రత్ అబూ ఉమామా (రజి) మాట నమోదైంది. తొలి విజయాలు సాధించినవారి ఖడ్గాలకు వెండి బంగారాలు లేవనీ, పచ్చితోలు పట్టీలు, సీసం, ఇనుము మాత్రమే ఉండేవనీ ఆయన గుర్తుచేశారు. అలంకారం అనుమతించబడినంత మాత్రాన అది గొప్పతనానికి గుర్తు కాజాలదని ఆయన ఉద్దేశ్యం కావచ్చు.

తరువాతి శతాబ్దాలలో పిడికి వాడే పదార్థమే ఒక విద్యగా మారింది. 11వ శతాబ్దంలో అల్‌బీరూనీ, సుల్తాన్ మౌదూద్‌కు అంకితమిచ్చిన తన రత్నశాస్త్ర గ్రంథంలో ‘ఖుతూ’ అనే పదార్థాన్ని గూర్చి విచారించాడు. దీనితో కత్తులకు పిడులు చేసేవారు. విషం దగ్గరకు వస్తే అది చెమర్చుతుందని జనం నమ్మేవారు. అది ఎద్దు నొసటి ఎముక అని కొందరు, ఒక పక్షిదని కొందరు, ఖడ్గమృగానిదని మరికొందరు చెప్పేవారు. ఆ మాటలన్నింటినీ బీరూనీ తనకు సహజమైన జాగ్రత్తతో నమోదు చేశాడు. ఆధునిక పరిశోధకులు అది వాల్రస్ వంటి సముద్ర జంతువు దంతమని భావిస్తున్నారు. దూరదేశపు వస్తువు కాబట్టి దానికి ధర, ధర కాబట్టి దానికి మహిమ!

పిడిని అమర్చే పద్ధతి మాత్రం నిరాడంబరమైనదే. హిందూస్థాన్‌లో తల్వార్ పిడి లోపల బోలుగా ఉంటుంది. అందులో లక్క మిశ్రమాన్ని కరగించి నింపి, వేడిగా ఉండగానే అలుగు కాడను దించేవారు. చల్లారితే అది రాయివలె బిగుస్తుంది. పిడిని ఊడదీయాలంటే బలం పనికిరాదు. మెల్లగా వేడి చేస్తే లక్క మెత్తబడి కాడ దానంతటదే వదులుతుంది. జంబియాకు కూడ కాడను జిగురు మిశ్రమంతోనే బిగిస్తారు. అయితే కొమ్ము పిడికి ఎక్కువ వేడి తగిలితే వంకరపోతుంది, బీటలు వారుతుంది. కనుక పాత పిడిని క్రొత్త అలుగుకు మార్చడం అందరికీ చేతనయ్యే పని కాదు.

యమన్ దేశంలో జంబియా కేవలం ఆయుధం కాదు. గోత్రీకులు దానిని నడుము పట్టీకి నడిమధ్య నిలువుగా ధరిస్తారు. సయ్యద్‌లు, ఖాజీలు ధరించే ‘థూమా’ వంపు తక్కువగా ఉండి కుడిప్రక్కకు ఒదిగి ఉంటుంది. తగవు వచ్చినపుడు ఇరుపక్షాలు తమ జంబియాలను మధ్యవర్తి చేతిలో పెట్టి తీర్పుకు కట్టుబడతామని హామీ ఇస్తారు. కోపంలో దానిని ఒర నుండి దూయడం సిగ్గుచేటుగా ఎంచబడుతుంది. ఇటువంటి వస్తువులో విలువంతా పిడిదే. ఖడ్గమృగం కొమ్ముతో చేసి తరాల తరబడి వాడిన పిడిని ‘సైఫానీ’ అంటారు. చేతి రాపిడితో అది మసకపసుపు కాంతిని సంతరించుకుని, వెలుగుకు ఎత్తి పట్టితే లోపలికి వెలుగు చొరబడుతుంది. ఆకుపచ్చ ఛాయ వస్తే ‘అసదీ’, తెలుపు తిరిగితే ‘జరాఫ్’. ఈ కాంతిని క్రొత్త కొమ్ము ఇవ్వజాలదు. అది కాలం, వాడకం కలిసి తెచ్చేది.

ఈ సంగతిని మరచినందుకే కీడు జరిగింది. ఉత్తర యమన్‌లో అంతర్యుద్ధం 1970లో ముగిసింది. ఆ దశాబ్దంలోనే లక్షలాది యమనీలు సౌదీ అరేబియాకు కూలికి వెళ్లి డబ్బు పంపారు. పూర్వం పెద్దలకే పరిమితమైన కొమ్ము పిడి సామాన్య యువకుని కోరికైంది. తూర్పు ఆఫ్రికా నుండి కొమ్ములు సనా బజారుకు చేరాయి. చెక్కగా రాలిన పొట్టును కూడ వర్తకులు తూర్పు ఆసియాకు మందుల కోసం అమ్మేవారు. 1970లో సుమారు 65,000 ఉన్న ఆఫ్రికా నల్ల ఖడ్గమృగాలు 1990ల నడుమకు దాదాపు 2,400కు తగ్గిపోయాయి. ఈ నాశనంలో తూర్పు ఆసియా వైద్యుల పాత్ర పెద్దదే. అయినా యమన్ పాత్రను తక్కువ చేసి చెప్పడం న్యాయం కాదు.

ఉత్తర యమన్ ప్రభుత్వం 1982లో కొమ్ముల దిగుమతిని నిషేధించింది. దొంగ రవాణా ఆగలేదు. 1992లో యమన్ ముఫ్తీ, కొమ్ము కోసం ఖడ్గమృగాన్ని చంపడం దైవేచ్ఛకు విరుద్ధమని ఫత్వా ఇచ్చారు. అప్పటికి ఆ జంతువుల్లో అత్యధిక భాగం నశించిపోయింది. ఫత్వా ముందే వచ్చి ఉంటే ఏమయ్యేదో ఊహించడం వ్యర్థం గాని, కరువైన కొమ్ముకు ధర పెరగడం, గేదె కొమ్ము పిడులు వాడుకలోకి రావడం కూడ గిరాకీ తగ్గడానికి తోడ్పడ్డాయని ఒప్పుకోవాలి. 1997లో యమన్ అంతర్జాతీయ వన్యప్రాణి వ్యాపార ఒప్పందంలో చేరింది.

హైదరాబాద్ పాఠకులకు జంబియా పరాయిది కాదు. హజ్రమౌత్ నుండి వచ్చి నిజాం సైన్యంలో చేరిన అరబ్బులు దానిని ధరించి తిరిగేవారు. వారి సంతతి స్థిరపడిన బర్కస్ పేరే ‘బ్యారక్స్’ నుండి వచ్చింది. తాతలనాటి జంబియా ఉన్న ఇండ్లలో గుర్తుంచుకోవలసినది కొంత గలదు. కొమ్ము మన గోరు, వెంట్రుక వంటి పదార్థమే. అతిగా ఎండితే పగులుతుంది, నీట నానితే పొరలు విడుతుంది, పట్టించుకోకపోతే పురుగు తినివేస్తుంది. ఎండ, పొయ్యిసెగ తగలని చోట ఉంచి, పొడి మెత్తని గుడ్డతో తుడిస్తే చాలు. నిమ్మరసం, బూడిద వేసి తోమితే తరాల కాంతి ఒక్కపూటలో పోతుంది. పిడి వదులైందని బలవంతంగా లాగరాదు, నిప్పు మీద పెట్టరాదు. పాత జిగురు పెళుసుబారి ఉంటుంది, కొమ్ము దానితోపాటే చీలుతుంది.