పత్తి పాకెట్ ధర ఎవరి చేతిలో?

జగదేవ్‌పూర్ మండలం చెలకల్లో వానకాలం పంటలంటే ప్రధానంగా పత్తి, మక్క. 2016లో సిద్దిపేట జిల్లా ఏర్పడేదాకా ఈ ఊళ్లు మెదక్ జిల్లాలో ఉండేవి. ఇక్కడి రైతు కొనే బీటీ పత్తి పాకెట్‌లో మొదట్లో 450 గ్రాముల బీటీ గింజలుండేవి. ఎకరానికి ఒక పాకెట్ అన్నది మొదటి లెక్క. దాని ధర ఎవరు నిర్ణయించాలన్న తగాదా ఒక అమెరికా కంపెనీకీ ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వానికీ మధ్య మొదలై ఢిల్లీదాకా పోయింది.

కాయతొలుచు పురుగును చంపే జన్యువును ఆ అమెరికా కంపెనీ మోన్‌శాంటో పత్తిలో చేర్చింది. 1998లో మహారాష్ట్రకు చెందిన మహికోలో 26 శాతం వాటా కొని, ఆ సంస్థతో కలిసి ఉమ్మడి కంపెనీ పెట్టింది. 2002 మార్చిలో కేంద్రం సాగుకు అనుమతిచ్చింది. హైబ్రిడ్ గనుక గింజ దాచుకుంటే లాభం లేదు, ఏటా కొనాల్సిందే. మిగతా విత్తన కంపెనీలు జన్యువును వాడుకున్నందుకు రాయల్టీ కట్టేవి. 2005లో రూ.1,600 దాటిన పాకెట్ ధరలో రూ.1,250 దాకా ఆ రాయల్టీయే. పంట దెబ్బతిన్న వరంగల్ రైతులకు పరిహారం ఇవ్వాలని ప్రభుత్వం అడిగినా కంపెనీ ఒప్పుకోలేదు. రెండు పక్షాలకూ చెడింది అక్కడే.

2006 జనవరిలో రాష్ట్రం గుత్తాధిపత్య వాణిజ్య పద్ధతుల కమిషన్‌కు ఫిర్యాదు చేసింది. చైనాలో కంపెనీ ఇంతకంటే చాలా తక్కువ తీసుకుంటోందన్నది దాని ప్రధాన వాదన. నిజానికి చైనాలో ప్రభుత్వ పరిశోధనశాల తయారుచేసిన బీటీ జన్యువు పోటీగా ఉంది, ఇక్కడ అలాంటిది లేదు. మేలో కమిషన్ మధ్యంతర ఉత్తర్వు ఇవ్వగానే రాష్ట్రం పాకెట్ ధర రూ.750 దాటరాదని నిర్ణయించింది. కంపెనీ సుప్రీంకోర్టుకెళ్లినా స్టే దొరకలేదు. పొరుగు రాష్ట్రాలూ అదే దారి పట్టాయి. ఇంతలో పత్తి విత్తనం నిత్యావసర సరుకుల చట్టం పరిధిలోంచి బయటికి పోవడంతో, రాష్ట్రం 2007లో పత్తి విత్తనాల ధరల నియంత్రణకు సొంత చట్టమే చేసుకుంది.

2015 డిసెంబరులో ఆ అధికారం కేంద్రం తీసుకుంది. మరుసటి ఏడాది మోన్‌శాంటో రెండో తరం బీటీ పత్తి బీజీ-2 పాకెట్‌కు రూ.800 ధర, అందులో రూ.49 రాయల్టీ ఖరారు చేసింది. అదే ఏడాది మోన్‌శాంటో భాగస్వామి మహికో కలుపుమందును తట్టుకునే కొత్త పత్తి దరఖాస్తును వెనక్కి తీసుకుంది. హైదరాబాద్‌కు చెందిన నూజివీడు సీడ్స్‌తో రాయల్టీ వ్యాజ్యమూ అప్పుడే సాగుతోంది. 2018 ఏప్రిల్‌లో ఢిల్లీ హైకోర్టు బీటీ జన్యువుపై మోన్‌శాంటో పేటెంట్ చెల్లదంది. 2019 జనవరిలో సుప్రీంకోర్టు ఆ తీర్పును పక్కనపెట్టింది. అలా కోర్టులో పేటెంట్ నిలిచింది గానీ, దాని విలువను ధరల ఉత్తర్వు ఏటేటా కరిగించింది. రాయల్టీ 2018లో రూ.39, 2019లో రూ.20. ఆ నవంబరులో పేటెంట్ గడువు కూడా తీరింది, 2020లో రాయల్టీ సున్నా అయింది. అప్పటికే గులాబీరంగు పురుగు బీజీ-2ను తట్టుకోవడం నేర్చుకుంది.