ఏ పక్షమూ కానివారికి చోటెక్కడ?
ఖమ్మం–భద్రాచలం అడవి సరిహద్దులో తటస్థ నిరాకరణ: ఒక పరిశీలన

ఉపోద్ఘాతం

2005 జూన్‌లో ఛత్తీస్‌గఢ్‌లోని దక్షిణ బస్తర్‌లో, మావోయిస్టులకు వ్యతిరేకంగా ప్రభుత్వ అండతో సాగిన సల్వాజుడుం మొదలైంది. ఆ తర్వాతి కొన్నేళ్లలో వేలాది ఆదివాసీ కుటుంబాలు ఊళ్లు విడిచి, అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లోని ఖమ్మం, వరంగల్ జిల్లాల అడవుల్లోకి వచ్చాయి. తెలుగు పత్రికలు వారిని ఒకసారి గొత్తికోయలనీ, ఒకసారి గుత్తికోయలనీ రాశాయి. అటవీ శాఖ దృష్టిలో వారు ఆక్రమణదారులు. హక్కుల సంఘాల భాషలో అంతర్గత నిర్వాసితులు. వారెందుకు వచ్చారన్నది ఈ పేర్లలో దేనిలోనూ కనిపించదు. చాలామంది యుద్ధంలో ఏ పక్షాన చేరడానికీ ఇష్టపడక, చేరకుండా ఊళ్లో బతికే వీలు లేక వచ్చారు.

తటస్థంగా ఉండదలచినవారిని అలా ఉండనివ్వకపోవడాన్ని ఈ వ్యాసంలో ‘తటస్థ నిరాకరణ’ అంటున్నాను. వాడుకలో అరుదైన మాట ఇది. అయినా ఈ సరిహద్దులో గత ఇరవై ఏళ్లలో జరిగినదాన్ని విడివిడి సంఘటనలుగా కాక ఒక క్రమంగా చూడటానికి పనికొస్తుంది. నా ప్రతిపాదన ఇది: తటస్థత మనిషి మనసులోని వైఖరి మాత్రమే కాదు. ఎదుటివారు ఒప్పుకుంటేనే నిలబడే హోదా అది. బస్తర్‌లో ఆ హోదాను తుపాకులు నిరాకరిస్తే, గోదావరి ఇవతల కాగితాలు నిరాకరించాయి.

మాట పరిధి

‘తటస్థత’, ‘మధ్యస్థత’, ‘ఉదాసీనత’ అనే మూడు మాటలనూ మనం ఇంచుమించు ఒకే అర్థంలో వాడేస్తుంటాం. కౌటిల్యుడి మండల సిద్ధాంతంలో మధ్యమ, ఉదాసీన శబ్దాలకు కచ్చితమైన నిర్వచనాలున్నాయి. విజిగీషువు (జయించదలచిన రాజు) రాజ్యానికీ, అతని శత్రువు రాజ్యానికీ హద్దు పంచుకుంటూ, ఆ ఇద్దరికీ సాయపడగలిగి, విడివిడిగా ఉన్నప్పుడు వారిని అణచగలిగినవాడు మధ్యముడు. వీరందరికీ వెలుపల ఉండి, వీరందరికంటే బలవంతుడైనవాడు ఉదాసీనుడు. రెండు నిర్వచనాలకూ బలమే ఆధారం. కౌటిల్యుడి లెక్కలో ఏ పక్షమూ వహించకుండా ఉండగలగడం శక్తిమంతుడి వెసులుబాటు. బలం లేనివాడికి ఆ మండలంలో ప్రత్యేకించి ఒక గది లేదు.

తటస్థతను నేరంగా చూడటం కూడా కొత్త కాదు. నగరంలో అంతఃకలహం రేగినప్పుడు ఏ పక్షానా ఆయుధం పట్టనివాడి పౌరహక్కులు పోవాలని ఏథెన్స్‌లో సోలోన్ శాసనం చేసినట్టు అరిస్టాటిల్ పేరున ఉన్న ‘ఏథెన్స్ రాజ్యాంగం’ చెబుతుంది. ఇరవయ్యో శతాబ్దంలో, 1956 జూన్‌లో, అమెరికా విదేశాంగ మంత్రి జాన్ ఫాస్టర్ డలెస్ అరుదైన సందర్భాల్లో తప్ప తటస్థత అనైతికమన్నాడు. అప్పటికి భారత్ అలీన విధానాన్ని గట్టిగా నిలబెడుతోంది. రాజ్యం కాబట్టి భారత్ ఆ విమర్శకు జవాబివ్వగలిగింది. ఆదివాసీ గూడేనికి ఆ వీలు లేదు.

తెలుగు వాడుకలోనూ తటస్థుడిపై అనుమానం ఉంది. ‘గోడమీద పిల్లివాటం’ అన్నప్పుడు ఎటు లాభముంటే అటు దూకడానికి కాచుకున్నవాడని అర్థం. ఈ నిందలో ఒక ఊహ దాగి ఉంది: పక్షం వహించనివాడు లాభం లెక్కలేసుకుంటున్నాడని. బస్తర్ గూడేల మనిషికి ఈ నింద అతకదు. ఎటు దూకినా అతనికి నష్టమే. దూకకుండా కూర్చోవడానికి అతనికి గోడ కూడా దక్కలేదు.

శిబిరమా, అడవా

కాంగ్రెస్ నాయకుడు, అప్పటి ఛత్తీస్‌గఢ్ శాసనసభలో ప్రతిపక్ష నేత మహేంద్ర కర్మ సల్వాజుడుంను ముందుండి నడిపాడు. రమణ్‌సింగ్ నాయకత్వంలోని బీజేపీ ప్రభుత్వం దానికి అండగా నిలిచింది. అధికార పక్షమూ ప్రతిపక్షమూ ఒకే వైపు ఉండటంతో, చట్టసభలో కూడా మూడో గొంతు బలహీనపడింది.

జుడుం పద్ధతి ఊరిని రోడ్డు మీదికి తేవడం. దోర్నపాల్, ఎర్రబోరు, కొంటల్లో, భైరంగఢ్ వైపు శిబిరాలు వెలిశాయి. సుమారు 50 వేల మంది వాటికి చేరారు. దోర్నపాల్, ఎర్రబోరు, కొంట మూడూ చింతూరు మీదుగా భద్రాచలం వచ్చే జాతీయ రహదారి మీదే ఉన్నాయి. శిబిరానికి వచ్చినవాడు ప్రభుత్వం వాడు. రానివాడు, అడవిలో మిగిలినవాడు, మావోయిస్టు. శిబిరాల ఏర్పాటు వెనుక ఉన్న తర్కం ఇదే. 644 గ్రామాలు జుడుంలో చేరాయని అప్పట్లో అధికారిక లెక్క. ఒకే గూడెంలో అన్నదమ్ములు చెరోవైపు ఉన్న స్థితి, ఎటూ లేనివారి స్థితి ఆ లెక్కలో కనపడవు. గ్రామం మొత్తం ఒక పక్షమైపోయింది.

ఈ పద్ధతికి పాత నమూనాలున్నాయి. మలయాలో బ్రిటిష్ పాలకులు 1950లో మొదలుపెట్టిన బ్రిగ్స్ ప్రణాళిక, మిజోరంలో 1967 నుంచి సాగిన గ్రామాల కూర్పు అలాంటివే. ఖమ్మం అడవికి ఇది మరీ దగ్గరి జ్ఞాపకం. తెలంగాణ సాయుధ పోరాటం చివరి ఏళ్లలో గోదావరి అడవుల్లోని కోయ గూడేలను ఖాళీ చేయించి జనాన్ని శిబిరాల్లో పెట్టిన సంగతి పుచ్చలపల్లి సుందరయ్య తన పోరాట చరిత్రలో నమోదు చేశారు. గెరిల్లా చేపైతే జనం నీళ్లు, ఆ చేపకు నీళ్లు దొరక్కుండా చేయాలన్న సూత్రమే అప్పుడూ ఇప్పుడూ పనిచేసింది. ఆ సూత్రం ప్రకారం సాధారణ జనం ఎప్పుడూ ఎవరో ఒకరి నీళ్లే. వారికంటూ వేరే ఉనికి ఉండదు.

అన్నం, బాట, పేరు

తటస్థ నిరాకరణ నినాదాలతో కంటే రోజువారీ పనులకు అర్థం మార్చడం ద్వారా ఎక్కువగా సాగుతుంది. రాత్రి తుపాకులతో వచ్చినవారికి అన్నం పెట్టడం గూడెంలో భయం వల్లో, ఆచారం వల్లో జరిగే పని. పగలు వచ్చినవారికి అది సాయపడిన నేరం. పోలీసులకు బాట చూపడమూ అంతే. బలవంతం మీద చూపినా, మరునాడు ‘ఇన్‌ఫార్మర్’ అనే మాట వెంటపడుతుంది. మావోయిస్టుల గ్రామ సంఘంలో పేరుండటం ఒకప్పుడు తునికాకు రేటు కోసం కావచ్చు. 2005 తర్వాత అదే పేరు ప్రాణం తీసే చిట్టా అయింది.

ఈ పనిలో మావోయిస్టుల బాధ్యత తక్కువేమీ కాదు. ఇన్‌ఫార్మర్ల పేరిట ప్రజా కోర్టుల్లో శిక్షలు, శిబిరం నుంచి తిరిగొచ్చినవారిపై అనుమానం, 2006 జులైలో ఎర్రబోరు శిబిరంపై దాడి, ఇవన్నీ శిబిరంలో ఉన్నవాణ్ని కూడా శత్రువు కిందే జమకట్టాయి. శిబిరానికి వెళ్లినవారిలో బలవంతంగా తీసుకుపోబడ్డవారూ ఉన్నారన్న తేడా దాడి చేసినవారికి పట్టలేదు. పరస్పరం చంపుకుంటున్న రెండు పక్షాలూ ఒక్క విషయంలో మాత్రం ఏకీభవించాయి: మూడోవాడు లేడు.

ఈ స్థితిని హ్యూమన్ రైట్స్ వాచ్ 2008 జులైలో వెలువరించిన నివేదిక శీర్షికలోనే పట్టుకుంది. తటస్థంగా ఉండటమే తమ అతి పెద్ద నేరమైందన్నది ఆ శీర్షిక భావం. ఆ నివేదిక బస్తర్‌తో ఆగలేదు, ఖమ్మం, వరంగల్ అడవులకు చేరినవారి గోడు కూడా నమోదు చేసింది. రెండు పక్షాల హింసనూ ఒకే చోట పెట్టింది కాబట్టి దాని మీద రెండు వైపుల నుంచీ అసంతృప్తి రావడం సహజం.

2011 జులై 5న నందినీ సుందర్ వర్సెస్ ఛత్తీస్‌గఢ్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పును ఈ కోణంలో మళ్లీ చదవాలి. జస్టిస్ బి. సుదర్శన్‌రెడ్డి, జస్టిస్ ఎస్.ఎస్. నిజ్జర్‌ల ధర్మాసనం ఆదివాసీ యువకులను ప్రత్యేక పోలీసు అధికారులుగా ఆయుధాలిచ్చి నక్సలైట్ల మీదికి పంపడం రాజ్యాంగంలోని 14, 21 అధికరణాలకు విరుద్ధమంది. అప్పుడు వారికి నెలకు 3,000 రూపాయల గౌరవ వేతనం. తీర్పును సాధారణంగా పోలీసు నియామకాల మీది తీర్పుగా చదువుతారు. దాని ఫలితం ఇంకా విస్తృతం. పౌరుణ్ని పోరాటంలోకి దించి, పౌరుడికీ పోరాడేవాడికీ మధ్య గీత చెరిపేసే హక్కు రాజ్యానికి లేదని అది చెప్పినట్టే. 1949 నాటి జెనీవా ఒప్పందాల ఉమ్మడి మూడో అధికరణం పోరులో పాల్గొననివారికి ఇచ్చే రక్షణ వెనుక ఉన్నదీ ఆ గీతే.

సరిహద్దు దాటడం

రెండు పక్షాలూ కాదన్నవాడికి మిగిలింది కదలడం. అయితే వారు భద్రాచలం వైపే ఎందుకొచ్చారు? కారణాలు భౌగోళికం, బంధుత్వం, కూలి. శబరి నదికి రెండు వైపులా కోయలు, దోర్లలు ఉన్నారు. గోండీకి దగ్గరి భాషలు అటూ ఇటూ వినిపిస్తాయి. ఖమ్మం, భద్రాచలం వైపు మిరపకోతకు రావడం 2005కు చాలా ముందు నుంచే ఉంది. తెలిసిన దారినే జనం నడిచారు. వెనుకటి నుంచి పోడు భూమి కోసం వచ్చి స్థిరపడ్డవారూ కొందరున్నారు. ఈ రెండు వలసలనూ కలిపేసి, అందరూ భూమి కోసం వచ్చినవారేనని అధికారులు వాదించడానికి అదే ఆస్కారమిచ్చింది.

కాబట్టి ఈ వలసను పారిపోవడంగా మాత్రమే చదివితే సరిపోదు. శిబిరానికి వెళ్లడం ఒక రాజకీయ నిర్ణయమైతే, మావోయిస్టు దళంలో చేరడం మరో రాజకీయ నిర్ణయమైతే, రెండింటినీ కాదని ఇల్లూ పొలమూ వదులుకుని నడవడం కూడా రాజకీయ నిర్ణయమే. ఆ నిర్ణయానికి చెల్లించిన మూల్యం మిగతా రెండింటికంటే తక్కువ కాదు.

కాగితం మీది నిరాకరణ

ఇవతల ఎదురైనది మరో రకం. కొత్త గూడేలను రిజర్వు అడవిలో ఆక్రమణలుగా చూసి, గుడిసెలు కూల్చి, తగలబెట్టిన ఉదంతాలు హ్యూమన్ రైట్స్ వాచ్ నివేదికలో ఉన్నాయి. శాంతా సిన్హా అధ్యక్షురాలిగా ఉన్న జాతీయ బాలల హక్కుల పరిరక్షణ కమిషన్ 2007 డిసెంబరులో ఈ ప్రాంతానికి వచ్చి పిల్లల చదువు, ఆరోగ్య స్థితిని పరిశీలించింది. పదేళ్ల తర్వాత, 2017 సెప్టెంబరులో, పొరుగున తాడ్వాయి అడవిలోని జలగలంచలో మళ్లీ గుడిసెలు కూలాయి.

కూల్చివేత కంటికి కనపడుతుంది. చట్టంలోని తేదీ కనపడదు. 2006 అటవీ హక్కుల చట్టం కింద హక్కు పొందాలంటే 2005 డిసెంబరు 13 నాటికే ఆ అటవీ భూమి స్వాధీనంలో ఉండాలి. జుడుం మొదలైంది ఆ తేదీకి ఆరు నెలల ముందు. దాని ఉధృతి పెరిగింది ఆ తేదీ తర్వాత. అందువల్ల నిర్వాసితుల్లో చాలామందికి ఇవతలి భూమి మీద హక్కు దక్కదు. అవతలి భూమి సంగతి? చట్టంలోని సెక్షన్ 3(1)(ఎం) అటవీ భూమి నుంచి అక్రమంగా వెళ్లగొట్టబడిన ఆదివాసీలకు పునరావాసం, ప్రత్యామ్నాయ భూమి పొందే హక్కు ఇస్తుంది. అయితే అది కూడా 2005 డిసెంబరు 13కు ముందు వెళ్లగొట్టబడినవారికే. ఒకే గూడెం వారిలో 2005 నవంబరులో ఊరు విడిచినవారికి ఈ సెక్షన్ వర్తిస్తుంది, 2006 ఫిబ్రవరిలో విడిచినవారికి వర్తించదు. ముందు వచ్చినవారికైనా ఊరు విడిచిన తేదీకి రుజువు చూపడం ఎలాగో చట్టం రాసినవారు ఊహించినట్టు లేదు.

రెండో నిరాకరణ జాబితాలది. రాజ్యాంగం 342వ అధికరణం కింద షెడ్యూల్డు తెగల జాబితా రాష్ట్రాలవారీగా ఉంటుంది. బస్తర్‌లో మురియా తెగ వాడిగా ఆదివాసీ అయినవాడు వాగు దాటగానే ఆ హోదా రుజువు చేసుకోలేక మిగులుతాడు. మూడోది సరిహద్దులదే. భద్రాచలం డివిజన్ 1959లో తూర్పు గోదావరి నుంచి ఖమ్మంలోకి వచ్చింది. 2014లో పోలవరం ముంపు కారణంగా చింతూరు, కూనవరం, వరరామచంద్రపురం తదితర మండలాలు ఆంధ్రప్రదేశ్‌కు వెళ్లాయి. 2016లో భద్రాద్రి కొత్తగూడెం కొత్త జిల్లా అయింది. ఖమ్మం జిల్లాకు వచ్చిన నిర్వాసితులు కదలకుండానే రెండు రాష్ట్రాల్లోకి చీలిపోయారు. ఇప్పుడు వారి విషయంలో మూడు రాష్ట్రాలు కలిసి లెక్క తేల్చాలి. ప్రతి రాష్ట్రానికీ వారు మరొకరి జనమే.

స్థానికుల పక్షం

ఈ వాదనకు బలమైన ఎదురు వాదన ఉంది. అడవి పలచబడుతోందనీ, పోడు తమ హక్కుకే పోటీ అవుతోందనీ స్థానిక కోయలు కూడా ఫిర్యాదు చేస్తున్నారు. 2022 నవంబరు 22న చండ్రుగొండ మండలం బెండాలపాడు దగ్గర పోడు భూమిలోని మొక్కల విషయంలో తలెత్తిన గొడవలో అటవీ రేంజ్ అధికారిని ఇద్దరు వలస ఆదివాసీలు చంపడం ఈ సంఘర్షణలో అత్యంత దారుణ ఘట్టం. ఆ హత్యకు వారు జవాబు చెప్పాల్సిందే. తర్వాత వలస ఆదివాసీలు తమకొద్దంటూ గ్రామ పంచాయతీ తీర్మానం చేసింది. ఇక్కడే పాత తర్కం తిరిగి తలెత్తింది. ఇద్దరి నేరానికి సమూహం మొత్తాన్ని ఒక పక్షంగా జమకట్టడం బస్తర్ శిబిరాల లెక్కలోని పద్ధతే. స్థానికుల ఆందోళన న్యాయమైనదే కావచ్చు. దాన్ని తీర్చాల్సింది భూమి సర్వేతోనూ, చట్టంతోనూ. సామూహిక బహిష్కారంతో కాదు.

ముగింపు

తటస్థ నిరాకరణ రెండు దశల్లో సాగింది. మొదటి దశలో సాయుధ పక్షాలు తటస్థుడి పనులకు పక్షం అంటగట్టాయి. రెండో దశలో పరిపాలన అతని నిష్క్రమణకు ఎలాంటి అర్థమూ ఇవ్వలేదు. వచ్చిన తేదీ, వచ్చిన రాష్ట్రం, తెగ పేరు మాత్రమే అడిగింది. ఎందుకు వచ్చాడన్నది ఏ దరఖాస్తులోనూ ప్రశ్న కాలేదు.

ఈ లోపాన్ని సరిచేయడానికి కొత్త సిద్ధాంతాలు అక్కర్లేదు. ఐక్యరాజ్య సమితి 1998లో రూపొందించిన అంతర్గత నిర్వాసితుల మార్గదర్శక సూత్రాలు సాయుధ ఘర్షణ వల్ల ఇల్లు విడిచినవారిని, వారు అంతర్జాతీయ సరిహద్దు దాటకపోయినా, ప్రత్యేక రక్షణకు అర్హులుగా గుర్తిస్తాయి. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్, ఛత్తీస్‌గఢ్ కలిసి కుటుంబాలవారీగా సర్వే చేయాలి. సల్వాజుడుం కాలంలో ఊరు విడిచినవారికి సెక్షన్ 3(1)(ఎం)లోని గడువును కేంద్రం సడలించాలి. తిరిగి వెళ్లడమా, ఇక్కడే ఉండటమా అన్నది వారినే అడగాలి. రెండు తుపాకుల మధ్య ఒకసారి తమంతట తాము నిర్ణయం తీసుకున్న జనం వారు. రెండోసారి కూడా ఆ నిర్ణయం వారిదే కావాలి.