రాధాకృష్ణన్ గారి మేష్టారు

మన పూర్వ విద్యార్థుల సంఘానికి యాభై ఏళ్ళు నిండుతున్నాయి, సంచికకు ఏదైనా రాయమని కార్యదర్శి ఫోన్ చేశారు. చిన్ననాటి ముచ్చట్లు రాసేవాళ్ళు చాలామందే ఉంటారు. నేను మన బడిలో ఎప్పుడూ వినని ఒక మేష్టారి గురించి రాద్దామనుకున్నాను. ఆయన ఫోటో మన గోడ మీద లేదు. ఆయన శిష్యుడి ఫోటో మాత్రం ఉండేది.

హెడ్మాస్టరు గారి గదిలో, బీరువా పైన, తెల్ల తలపాగాతో సర్వేపల్లి రాధాకృష్ణన్ గారి పటం మీ అందరికీ గుర్తుండే ఉంటుంది. సెప్టెంబరు 5న దాన్ని కిందికి దించి దుమ్ము తుడిచి దండ వేసేవాళ్ళం. పదో తరగతి పిల్లలు ఆ ఒక్కరోజు మేష్టర్లయ్యేవారు. ఉపన్యాసం ఏటా ఒకటే. తిరుత్తణిలో తెలుగు కుటుంబంలో పుట్టారు, తిరుపతిలో, వేలూరులో చదివారు, మైసూరు వదిలి కలకత్తా వెళ్ళేటప్పుడు విద్యార్థులు బండికి కట్టిన గుర్రాలను విప్పేసి స్టేషను దాకా తామే లాగారు. ఆ బండి కథ దగ్గర తప్పకుండా చప్పట్లు పడేవి. అంత గొప్ప గురువుకి గురువెవరు అని ఏ వక్తా చెప్పలేదు, మాకూ అడగాలని తోచలేదు.

ఉద్యోగరీత్యా కొన్నేళ్ళు మద్రాసులో ఉన్నప్పుడు, ఒక ఆదివారం తాంబరంలోని క్రిస్టియన్ కాలేజీ ఆవరణలో నడుస్తూ ఆ పేరు మొదటిసారి విన్నాను. ఆల్‌ఫ్రెడ్ జార్జ్ హాగ్. తర్వాత దొరికినంత మేరకు చదివాను. నాది సివిల్ ఇంజనీరింగు, తత్వశాస్త్రం కాదు. తప్పులుంటే తెలిసినవారు మన్నించాలి.

హాగ్ 1875లో ఈజిప్టులో పుట్టారు. తల్లిదండ్రులు స్కాట్లండు నుంచి అక్కడికి వెళ్ళిన మిషనరీలు. కుర్రవాడు ఎడిన్‌బరోలో తత్వశాస్త్రం చదివాడు. తండ్రి బాటలోనే చర్చి సేవలోకి వెళ్ళాలనుకున్నవాడికి చదువు మధ్యలో దేవుడి మీదే నమ్మకం పోయింది. కొంతకాలం ఆ చీకట్లోనే గడిపి, మళ్ళీ తనంతట తాను ఆలోచించి విశ్వాసానికి తిరిగి వచ్చాడు. ఆయన మాటల్లో తర్వాత కనిపించే జాగ్రత్తకు మూలం ఇక్కడే ఉందని నాకనిపిస్తుంది. ఒకసారి పోగొట్టుకుని తిరిగి సంపాదించుకున్నవాడు ఎదుటివాడి నమ్మకాన్ని చులకనగా మాట్లాడడు. 1903లో మద్రాసు వచ్చారు, పాదరీగా కాదు, పాఠాలు చెప్పడానికి.

అప్పటి మద్రాసు క్రిస్టియన్ కాలేజీ తాంబరంలో లేదు. జార్జిటౌనులో, హైకోర్టు ఎదురుగా, కిక్కిరిసిన వీధుల మధ్య ఉండేది. 1837లో మొదలైన చిన్న బడిని విలియం మిల్లర్ అనే మరో స్కాట్లండు దొర దక్షిణ భారతంలోనే పేరున్న కాలేజీగా పెంచారు. పేరు క్రిస్టియన్ అయినా బెంచీల మీద ఎక్కువమంది హిందూ కుర్రాళ్ళే. రోజూ బైబిలు పాఠం ఉండేది. తెలుగు జిల్లాల నుంచి కూడా చాలామంది వెళ్ళి చదివేవారు. నెల్లూరులో పుట్టి, తర్వాత పుదుక్కోటలో ప్రధాన న్యాయమూర్తి అయి, భారతీయ క్రైస్తవ చింతనలో తనదంటూ ఒక దారి వేసిన పాండిపెద్ది చెంచయ్య గారు అక్కడ తత్వశాస్త్రం చదివినవారే. అదే తరగతి గదులకు వేలూరు నుంచి రాధాకృష్ణన్ వచ్చారు. ఆయనా ఇష్టపడి తత్వశాస్త్రం తీసుకోలేదు. ఆ ఏడే చదువు ముగించిన బంధువొకాయన తన పాఠ్యపుస్తకాలు ఉచితంగా ఇచ్చాడు, కొనే ఖర్చు తప్పింది. అంతే. మన ఊళ్ళో అన్నయ్య పుస్తకాలతో చదువు వెళ్ళదీసిన వాళ్ళందరికీ ఇది కొత్త సంగతేమీ కాదు.

ఇక అసలు విషయానికి వస్తాను. హాగ్ మద్రాసుకు వచ్చిన కొత్తలోనే కర్మ సిద్ధాంతం మీద కాలేజీ పత్రికలో వరసగా వ్యాసాలు రాశారు. 1909లో అవి ‘కర్మ అండ్ రిడెంప్షన్’ అనే చిన్న పుస్తకంగా వచ్చాయి. ఆనాటి మిషనరీల్లో కొందరు హిందూమతాన్ని మూఢనమ్మకమని కొట్టిపారేసేవారు. ఇంకొందరు మంచితనంతో, హిందూమతం పునాది, క్రైస్తవం దానిపై అంతస్తు అనేవారు. హాగ్ రెండూ ఒప్పుకోలేదు. నా భాషలో చెప్పాలంటే, ఒకరు వేసుకున్న పునాది మీద మనం వేరే ప్లానుతో అంతస్తు లేపలేం. ఆ పునాది ఏ బరువు కోసం వేశారో ముందు చూడాలి. రెండు ఇళ్ళకీ లెక్కలు వేరు, ఎవరి లెక్కను వారిగా చూసి అప్పుడు పోల్చమన్నారాయన.

కర్మను ఆయన తేలిగ్గా తీసుకోలేదు. చేసినదానికి చేసినంత, ఎక్కువా కాదు తక్కువా కాదు, తప్పకుండా అనుభవించాలన్న పట్టుదలలో గొప్ప న్యాయబుద్ధి ఉందని ఒప్పుకున్నారు. కానీ అది కోర్టు న్యాయం అన్నారు. ఎవరి ఖర్మ వాళ్ళదైతే ఒకరి కోసం ఒకరు పడే కష్టానికి చోటెక్కడ? కొడుకు చేసిన అప్పుకి తల్లి పుస్తెలమ్ముతుంది. లోకంలో మంచితనం ఎక్కువగా కనబడేది అక్కడే కదా, ఆ కష్టాన్ని కూడా ఆమె పాత ఖాతాలో జమ కడితే అందులో ఉన్న ప్రేమ ఏమైనట్టు? (తల్లి ఉదాహరణ నాది, ప్రశ్న హాగ్‌ది.) ఈ లోకం వట్టి కోర్టు కాదని, తప్పు చేయనివాడు చేసినవాడి కోసం బాధపడగల చోటని ఆయన వాదన. అక్కడి నుంచి ఆయన తన క్రీస్తు దగ్గరికి వెళ్ళారు.

బెంచీ మీద కూర్చుని ఇలాంటి మాటలు విన్న కుర్రాడికి ఎలా ఉంటుంది? వివేకానందుడి ఉపన్యాసాలతో పొంగిన తన అభిమానం మిషనరీ కాలేజీల్లో తన మతాన్ని చూసిన తీరుకి గాయపడిందని రాధాకృష్ణన్ తర్వాత దాపరికం లేకుండానే రాశారు. ఆ గాయమే తనను సొంత గ్రంథాలు తెరిపించిందనీ రాశారు. ఎం.ఎ. పరీక్షకు ఆయన ఎంచుకున్న సిద్ధాంత వ్యాసం వేదాంతంలోని నీతిశాస్త్రం మీద. వేదాంతంలో నీతికి చోటు లేదన్న విమర్శకు సూటి జవాబు అది. 1908లో అచ్చయింది, అప్పటికి రాసినవాడికి ఇరవై ఏళ్ళు. దాన్ని చదివి మంచీ చెడ్డా చెప్పాల్సింది హాగ్. మేష్టారికి కోపం వస్తుందేమోనని కుర్రాడు భయపడ్డాడు. హాగ్ యోగ్యతాపత్రం రాసిచ్చారు. తత్వ సమస్యలోని ముఖ్యమైన అంశాలన్నీ ఈ విద్యార్థికి బాగా అర్థమయ్యాయని, చిక్కుముడి వాదాన్ని సులువుగా నడపగలడని, ఇంగ్లీషు కూడా సగటు కన్నా బాగుందని అందులో మెచ్చుకున్నారు. సగటు కన్నా! తర్వాత ఆక్స్‌ఫర్డ్ వాళ్ళు చెవులప్పగించి విన్న ఇంగ్లీషు అది. స్కాట్లండు వాళ్ళు డబ్బే కాదు, పొగడ్త కూడా లెక్కపెట్టి ఇస్తారేమో.

ఇక్కడ నా గొడవ ఒకటి చెప్పుకోవాలి. కొన్నేళ్ళ క్రితం నా దగ్గర చేరిన ఒక కుర్ర ఇంజనీరు, నేను సంతకం పెట్టిన డ్రాయింగులో ఒక దూలం లెక్క తప్పని చెప్పాడు. పదిమంది ముందు చెప్పాడు. ‘ముందు సైటు మీద నాలుగేళ్ళు ఎండలో నిలబడు, తర్వాత మాట్లాడదాం’ అన్నాను. ఆ రాత్రి ఇంట్లో మళ్ళీ లెక్క వేసుకుంటే అతనిదే ఒప్పు. డ్రాయింగు దిద్దించాను గానీ, దిద్దించింది అతని మాట మీదనని ఎవరికీ చెప్పలేదు, అతనికి కూడా. ఏడాది తిరక్కుండా వేరే ఉద్యోగానికి వెళ్ళిపోయాడు. అది ఒక దూలం. హాగ్ ముందున్నది ఆయన సముద్రాలు దాటి వచ్చి చెబుతున్న మాటకే ఎదురు జవాబు. దాన్ని ఆయన ఒప్పుకోలేదు, ఒప్పుకున్నట్టు నటించనూ లేదు. ఒప్పుకోని వాదానికి కాగితం మీద సంతకంతో గౌరవం ఇచ్చారు.

గురుశిష్యుల మధ్య ఆ వాదన అక్కడితో ఆగలేదనే నేననుకుంటాను. 1926లో ఆక్స్‌ఫర్డ్‌లో రాధాకృష్ణన్ చేసిన ఉపన్యాసాలు ‘ది హిందూ వ్యూ ఆఫ్ లైఫ్’ పుస్తకంగా వచ్చాయి. కర్మను ఆయన పేకాటతో పోల్చారు. చేతికొచ్చిన ముక్కలు మనం ఎంచుకున్నవి కావు, ఆట మాత్రం మనదే. కర్మ అంటే తీర్పు చెప్పే కోర్టు కాదు, నిన్నటికీ నేటికీ మధ్య తెగని వరస, అందులో స్వేచ్ఛకు చోటుంది అని ఆయన తాత్పర్యం. చక్కని పోలిక. అయితే పక్కవాడి ఓటమిని నా మీద వేసుకుని నేను ఆడొచ్చా అన్న మేష్టారి ప్రశ్న మాత్రం నాకు అలాగే మిగిలి ఉన్నట్టనిపిస్తుంది. ఇంకో తమాషా ఏమిటంటే, మతాల మధ్య తేడాను తేడాగా చూడమన్న గురువుకి, మతాలన్నిటి అడుగునా ఒకే అనుభవం ఉందని జీవితమంతా చెప్పిన శిష్యుడు తయారయ్యాడు.

1928లో హాగ్ కాలేజీ ప్రిన్సిపాల్ అయ్యారు. 1931లో రాధాకృష్ణన్ ఆంధ్ర విశ్వవిద్యాలయానికి వైస్ ఛాన్సలర్‌గా వచ్చారు. అంటే ఒక అయిదేళ్ళు మద్రాసులో గురువు, వాల్తేరులో శిష్యుడు చెరొక విద్యాసంస్థకు పెద్దలుగా ఉన్నారు. వాల్తేరులో జయపురం మహారాజా విక్రమదేవ వర్మ గారి విరాళంతో సైన్సు చదువులు నిలదొక్కుకున్నది ఆ రోజుల్లోనే. ఇటు హాగ్ నూరేళ్ళ కాలేజీని జార్జిటౌను ఇరుకులోంచి పెకలించి ఊరికి దూరంగా తాంబరం అడవిలో నాటారు. 1937లో తరలింపు పూర్తయింది. వందల ఎకరాలు, మధ్యలో తరగతులు, చుట్టూ విద్యార్థులూ అధ్యాపకులూ కలిసి ఉండే హాళ్ళు. అప్పటికే బీచి నుంచి తాంబరం దాకా కరెంటు రైలు నడుస్తోంది. అయినా నడుస్తున్న సంస్థను, లాబొరేటరీలతో లైబ్రరీతో సహా, అలా తరలించడం ఎంత తలనొప్పో కట్టడాల పనిలో ఉన్నవాళ్ళకే తెలుస్తుంది. ఆ పని చేసింది తర్కం పాఠాలు చెప్పుకునే ఒక వేదాంతి అంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

మరుసటేడు డిసెంబరులో అదే ఆవరణలో ప్రపంచ మిషనరీ మహాసభ జరిగింది. చైనాలో జరగాల్సింది, జపాను యుద్ధం వల్ల ఇక్కడికి మారింది. సుమారు 470 మంది ప్రతినిధులు. మన దోర్నకల్ బిషప్ అజరయ్య గారు కూడా ఉన్నారు. హెండ్రిక్ క్రేమర్ అనే డచ్చి పండితుడి పెద్ద పుస్తకం చర్చకు ఆధారం. దేవుడు బైబిలులో పలికిన మాటకూ మనుషులు కట్టుకున్న మతాలకూ మధ్య వంతెన లేదని ఆయన వాదం. అప్పుడే ప్రిన్సిపాల్ పదవి దిగిన హాగ్ కాదన్నారు. ‘నమ్మకాలు’ వేరు, ‘నమ్మిక’ వేరు అన్నారు. హిందువు సిద్ధాంతాలతో నేను విభేదిస్తాను, కానీ అతను భగవంతుణ్ణి నమ్ముకుని నిలబడినప్పుడు ఆ నమ్మిక నిజమైనదే, దేవుడు అతనితో మాట్లాడడని మనమెలా అనగలం అన్నది ఆయన వాదన సారం. మూడున్నర దశాబ్దాలు హిందూ కుర్రాళ్ళ ముఖాలు చూస్తూ పాఠం చెప్పినవాడి మాట అది. ఆ బెంచీల మీద కూర్చున్నవాళ్ళు ఆయనకు ఏమీ నేర్పలేదంటే నేను నమ్మను.

తర్వాత ఆయన స్కాట్లండు వెళ్ళిపోయారు. 1947లో చివరి పుస్తకం వచ్చింది, హిందువుకు క్రైస్తవం చెప్పవలసిన మాట గురించే. 1954లో కన్నుమూశారు. ఆ ఏడే శిష్యుడికి భారతరత్న వచ్చింది.

రాధాకృష్ణన్ తన జీవితం గురించి రాసుకున్న వ్యాసం ఒకటుంది. అది రాసేనాటికి ఆయన ఆక్స్‌ఫర్డ్ ఆచార్యుడు, పేరు ప్రపంచమంతా తెలుసు. అందులో ఇరవై ఏళ్ళ వయసులో హాగ్ రాసిచ్చిన ఆ యోగ్యతాపత్రంలోని వాక్యాన్ని, ‘సగటు కన్నా’ అన్న మాటతో సహా, ఉన్నదున్నట్టు ఎక్కించుకున్నారు.