ఆనకట్ట తరువాతి కృష్ణా డెల్టా: సాంఘిక, సాంస్కృతిక పరిణామము

కృష్ణా డెల్టా సాంఘిక చరిత్రను వ్రాసినవారిలో పలువురు దానిని ఆనకట్టతోడనే ప్రారంభింతురు. నీరు వచ్చెను, పంట పండెను, విద్య పెరిగెను, సంఘము మారెను అనునది వారి వాదక్రమము. ఇందు సత్యము కలదు. కాని యిది సంపూర్ణసత్యము కాదని మా యభిప్రాయము. నీటివలన మారినదానిని, నీటివలన మారనిదానిని వేరుపరచి చూపుటయే యీ వ్యాసమున మా యుద్దేశము. పోలికకై థాయి దేశమందలి చావ్ ప్రయా డెల్టాను గ్రహించితిమి. రెండును వరి పండు నేలలే. రెండింటి యాధునికచరిత్రకును 1855వ సంవత్సరమే ద్వారబంధము.

1832-33 నాటి నందన కరవును జనులు డొక్కల కరవనిరి. గుంటూరు మండలమందలి సుమారు ఐదు లక్షల జనులలో లక్షన్నర మొదలు రెండు లక్షలవరకు మరణించిరని అంచనా. నది నిండుగ సముద్రమున గలియుచుండగా దాని యొడ్డుననే జనులు మాడి చచ్చిరి. ఆర్థర్ కాటన్ 1847లో మొదలిడిన గోదావరి యానకట్ట 1852లో పూర్తియయ్యెను. ఆ యేటనే బెజవాడ ఇంద్రకీలాద్రికిని సీతానగరము కొండకును నడుమ కృష్ణానదిపై ఆనకట్టపని కెప్టెన్ ఆర్ పర్యవేక్షణమున నారంభమై 1855లో ముగిసెను.

సరిగా ఆ 1855లోనే శ్యామదేశపు రాజు మాంగ్‌కుట్ ఆంగ్లేయులతో బౌరింగ్ సంధి చేసికొనెను. బియ్యపు టెగుమతికి దారి తెరువబడెను, వరిసాగు విస్తరించెను. 1890వ దశకమున బాంకాకునకు ఉత్తరమున, అంతకుముందు జనావాసము పలుచగా నున్న నేలలో, రంగ్‌సిత్ కాలువలు త్రవ్వబడెను. అచ్చట భూమి విస్తారము, పనివారు కొఱత. పనిచేయు చేయికి విలువ పెరుగుచున్న కొలది మనుష్యుని కట్టివేయు పాతపద్ధతులు పాలకులకును లాభకరములు కాకపోయెను. చులలోంగ్‌కార్న్ రాజు 1874 నుండి క్రమముగా దాస్యమును తగ్గించుచు 1905లో శాసనముచే రద్దు గావించెను. ఐనను రంగ్‌సిత్ భూములు పెక్కు ప్రభువంశీయుల చేతజిక్కి, దున్నువారు కౌలుదార్లుగనే యుండిరి.

కృష్ణా డెల్టాలో స్థితి వేరు. నీరు వచ్చునప్పటికే యిచ్చట గ్రామములు స్థిరపడియుండెను; పొలము ఏ కులముల చేతనుండవలెనో, పాలేరుతనము ఏ పేటవారు చేయవలెనో నిర్ణయమైయుండెను. కావున కాలువనీరు ఉన్న భూమికి విలువ పెంచెనే కాని, లేనివానికి భూమి నీయలేదు. వానికి ఊడ్పులలో, కోతలలో, కుప్పనూర్పిళ్లలో పని పెరిగెను, తిండిగింజలు దొరకెను, కరవుభయము తగ్గెను. ఇది స్వల్పలాభము కాదు. కాని ఆసామి యింట మిగిలిన ధాన్యము బండ్లకెక్కి ధనమగుచుండగా, పాలేరు గాదె నిండలేదు. ఒకే నీరు కరవును పోగొట్టెను. అదే నీరు ఆసామికిని పాలేరునకును నడుమనున్న యంతరమును పెంచెను.

ఈ మిగులు ధనమే డెల్టా సంస్కృతికి పెట్టుబడి. బందరులో నోబుల్ 1843లోనే పాఠశాల స్థాపించియుండెను గాన విద్య కంతటికిని ఆనకట్టయే మూలమనుట సరికాదు. కాని 1902లో కృష్ణాపత్రిక వెలువడుట, 1910లో ఆంధ్ర జాతీయ కళాశాల నెలకొనుట, 1911లో బెజవాడ రామమోహన గ్రంథాలయ మేర్పడుట చూడగా, పత్రికకు చందా కట్టగల, విద్యాలయమునకు విరాళ మీయగల వర్గ మొకటి తయారైనదని తెలియును. 1914 ఏప్రిల్ 10న బెజవాడలో చిలకమర్తి లక్ష్మీనరసింహము గారి యధ్యక్షతను ప్రథమ గ్రంథాలయ మహాసభ జరిగెను. 1935లో పాతూరి నాగభూషణము గారు తెనాలి ప్రాంతపు కాలువపై పడవ గ్రంథాలయమును నడిపిరి. ధాన్యము మోసిన కాలువయే పుస్తకములను మోసెను. శ్యామదేశమున బౌద్ధవిహారముల బడులను ప్రభుత్వము తనవిగా జేసికొని, 1921లో నిర్బంధవిద్యాశాసనము చేసెను. ఇచ్చట పుస్తకమును ఊరూర త్రిప్పినది ప్రజాసంఘముల చందాధనము. ఈ భేదము గమనింపదగినది.

ధనము వచ్చిన రైతుకులములు గౌరవమునుగూడ గోరెను. తెనాలిలో సూతాశ్రమము నెలకొల్పిన త్రిపురనేని రామస్వామి చౌదరి గారు (1887-1943) పురాణములను హేతుదృష్టితో విమర్శించి, పురోహితునితో పనిలేక తెలుగుననే వివాహము జరుపుకొను విధానమును కల్పించిరి. ఈ తిరుగుబాటు యథార్థమైనది. అయితే అది పైమెట్టుతో జరిపిన పోరాటము. క్రిందిమెట్టునకు దానంతట అది చేరలేదు.

క్రిందిమెట్టువారు తమ వాక్కును తామే వినిపింపవలసివచ్చెను. 1917 నవంబరులో బెజవాడలో భాగ్యరెడ్డివర్మ గారి యధ్యక్షతను జరిగిన సభలో, పంచములను పేరు త్రోసిపుచ్చి, ఆది ఆంధ్రులమని వారు ప్రకటించుకొనిరి. పేరు మార్చుట చిన్నపని యని తలపరాదు. తాము ఈ నేలకు తొలివారమను హక్కు ఆ పేరిట కలదు. 1941లో జాషువ గారి గబ్బిలము ఆ వేదననే కావ్యము గావించెను. ఈ రెండును నీరు తెచ్చిన ఫలములు కావు. నీరు చేయని పనిని మనుష్యులు చేయబూనుటకు నిదర్శనములు. ఆ పని ముగియలేదని 1991 ఆగస్టు 6న, కాలువనీరు పుష్కలముగా పారు చుండూరులో, ఎనమండుగురు దళితులు హతులగుట తెలుపుచున్నది.

పాత యానకట్ట 1952లో తెగెను. దాని యెగువను ప్రకాశం బ్యారేజి 1957లో పూర్తియయ్యెను. చావ్ ప్రయాపై చైనాత్ ఆనకట్టయు 1957లోనే ముగిసెను. తేదీలు ఎంత దగ్గరగా నడచినను ఆ రెండు సంఘములు ఒకే దారిని నడువలేదు. నీరు సంఘమునకు శక్తి నిచ్చును. ఆ శక్తి ఎవరి చేతికి పోవునో అదివరకే యున్న భూసంబంధములును, కులసంబంధములును నిర్ణయించును. కావున డెల్టా చరిత్రను వ్రాయబూను పరిశోధకుడు కాటన్ విగ్రహమునొద్ద నాగక, కాలువ చివరి పేటవరకును నడచి, అచ్చటివారు ఏమి పొందిరో, ఏమి యడిగిరో విచారింపవలెను. ఆనకట్ట చరిత్రయు అప్పుడే పూర్తియగును.